తెర వెనక మొదటి ఉద్యోగం... తెర మీద తొలి మహారాణి!

పోటీ పరీక్షలకు చదివేవాళ్లకు ఈ బిట్ కొత్తేం కాదు. దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు తొలి గ్రహీత ఎవరు? జవాబు దేవికా రాణి, 1969. టిక్ పెట్టేస్తారు, తర్వాతి ప్రశ్నకు వెళ్లిపోతారు. ప్యాపిలిలో చదివినా, నంద్యాల, ఆళ్లగడ్డల్లో చదివినా గైడ్లలో ఉండేది ఆ ఒక్క లైనే. ఆ పేరును ఇంటర్నెట్‌లో వెతికితే ఇంకొకటి కనిపిస్తుంది. ‘కర్మ’ అనే పాత సినిమాలో ఒక ముద్దు సన్నివేశం. దాని మీద బోలెడు రాతలు. అంతే.

కానీ ఆ ఒక్క లైను వెనక ఒక పెద్ద కెరియర్ కథ ఉంది. అది హీరోయిన్ వేషంతో మొదలవలేదు. బట్టల మీద డిజైన్లు వేసే ఉద్యోగంతో మొదలైంది. సినిమాల్లోకి వచ్చాక కూడా ఆమె తొలి పని కెమెరా ముందు కాదు, వెనక. ఆమె పనిచేసిన ఆ మొదటి సినిమా మాటల్లేని ప్రేమకథ. దశాబ్దాలపాటు జనం దాన్ని మరిచిపోయారు. 2007లో మళ్లీ తెర మీదకు వచ్చింది. మొదటి ఉద్యోగం చిన్నదని సిగ్గుపడుతున్నారా? నేర్చుకున్న కోర్సు ఎందుకూ పనికిరాదేమోనని దిగులుపడుతున్నారా? అయితే ఈ జీవితం మీకోసమే.

వాల్తేరులో పుట్టిన అమ్మాయి

దేవికా రాణి 1908 మార్చి 30న వాల్తేరులో పుట్టారు. అంటే ఇప్పటి మన విశాఖపట్నంలో. కుటుంబం బెంగాలీ. తండ్రి కర్నల్ మన్మథనాథ్ చౌధురి పెద్ద డాక్టరు. మద్రాసు ప్రెసిడెన్సీకి సర్జన్ జనరల్ అయిన తొలి భారతీయుడు ఆయనే. రవీంద్రనాథ్ టాగూర్ కుటుంబంతో వీళ్లకు బంధుత్వం ఉంది. బంధువుల్లో జడ్జీలున్నారు, రచయితలున్నారు. 1948లో హైదరాబాద్ మీద పోలీసు చర్యను నడిపించి, ఆ తర్వాత అక్కడ మిలటరీ గవర్నరుగా పనిచేసిన జనరల్ జె.ఎన్. చౌధురి కూడా వీళ్ల బంధువర్గమే.

ఇక్కడే మీకో అనుమానం వస్తుంది. డబ్బు, పలుకుబడి ఉన్నవాళ్లు ఏమైనా చేస్తారు, మాకేంటి అని. నిజమే, దాచాల్సిన పని లేదు. తొమ్మిదేళ్లకే ఆమెను ఇంగ్లండులో బోర్డింగ్ స్కూలుకు పంపారు. మెట్ట పొలం మీద బతికే ఇంట్లో పుట్టిన అమ్మాయికి 1917లో ఆ అవకాశం లేదు. ఇప్పుడూ అంత సులువుగా లేదు. కాబట్టి ఆమెను చూసి మనమూ అలా అయిపోదాం అని చెప్పడం మోసం. మరి ఏం చూడాలి? డబ్బున్న ఇంట్లో పుట్టి కూడా ఆమె ఏమేం నేర్చుకుంది, ఆ నేర్చుకున్నది ఎక్కడ ఎలా పనికొచ్చింది అన్నది చూడాలి. ఆ భాగం మాత్రం అందరిదీ.

నాలుగు కోర్సులు... ఒక చిన్న ఉద్యోగం

స్కూలు చదువయ్యాక లండన్‌లోనే నటన నేర్పే రాయల్ అకాడమీ ఆఫ్ డ్రమాటిక్ ఆర్ట్‌లో చేరారు. సంగీతానికి రాయల్ అకాడమీ ఆఫ్ మ్యూజిక్‌లో చేరారు. అంతటితో ఆగితే ఆమె కథ మామూలు నటి కథే అయ్యేది. ఆర్కిటెక్చర్, టెక్స్‌టైల్ డిజైన్, ఇంటి అలంకరణ కోర్సులు కూడా చేశారు. సౌందర్య సాధనాల్లో పేరు మోసిన ఎలిజబెత్ ఆర్డెన్ దగ్గర అప్రెంటిస్‌గా మేకప్ పని నేర్చుకున్నారు.

బంధువులు చూస్తే ఏమనుకుంటారో ఊహించండి. ఒకటి పట్టుకుని ఉండకుండా ఏంటీ పిల్ల, ఇన్ని రకాలు చేస్తోంది అనుకుంటారు. మన ఇళ్లల్లోనూ ఇంతే కదా! డిగ్రీలో కంప్యూటర్స్, సాయంత్రం టైలరింగ్, సెలవుల్లో ఫొటోషాప్ నేర్చుకుంటే, ఏదో ఒకటి తేల్చుకో అంటారు. ఆమె తేల్చుకున్నది 1927 ప్రాంతంలో. చదువులన్నీ ముగించి టెక్స్‌టైల్ డిజైనర్‌గా ఉద్యోగంలో చేరారు. గుడ్డ మీద పువ్వు ఎక్కడ రావాలి, అంచు ఎంత ఉండాలి, రంగు ఏది నప్పుతుంది అని చూసే పని. మన ఆళ్లగడ్డ శిల్పి రాయిని చూసినట్టు ఆమె బట్టను చూశారన్నమాట.

1928లో లండన్‌లో హిమాంశు రాయ్ పరిచయమయ్యారు. ఆయన బెంగాలీ. న్యాయవాది చదువు చదివి నాటకాల్లోకి, అక్కడి నుంచి సినిమాల్లోకి వచ్చినవాడు. అప్పటికే జర్మనీవాళ్లతో కలిసి 1925లో ‘లైట్ ఆఫ్ ఏషియా’ తీశారు. బుద్ధుడి కథ అది. తర్వాత తాజ్‌మహల్ వెనక ప్రేమకథగా ‘షిరాజ్’ తీశారు. మూడో సినిమాకు సిద్ధమవుతున్నారు. దేవికా రాణి పనితనం చూసి తన బృందంలోకి రమ్మన్నారు. హీరోయిన్‌గా కాదు, దుస్తులు, కళా విభాగాల్లో సాయం చేయడానికి. ఆమె సరేనన్నారు.

ఇరవై ఏళ్ల అమ్మాయి. నటనలో శిక్షణ ఉంది, అందం ఉంది. అయినా తెర వెనక పని ఇస్తే కాదనలేదు. ఇది గుర్తుపెట్టుకోండి.

పాచికలాట: మాటల్లేని ప్రేమకథ

ఆ సినిమా పేరు ‘ఎ త్రో ఆఫ్ డైస్’. మన దేశంలో ‘ప్రపంచ పాశ్’ అన్నారు. 1929లో వచ్చింది. మహాభారతంలోని జూద ఘట్టం నుంచి పుట్టిన కథ. రంజిత్, సోహత్ అని ఇద్దరు రాజులు. ఇద్దరికీ జూదం పిచ్చి. ఇద్దరూ ప్రేమించింది ఒక్క అమ్మాయినే. అడవిలో ఉండే ఒక ముని కూతురు సునీత. వేటలో రంజిత్‌ను చంపించాలని సోహత్ చూస్తాడు. గాయపడిన రంజిత్‌కు సునీత ఇంట్లోనే వైద్యం దొరుకుతుంది. ప్రేమ పుడుతుంది. జూదగాడికి పిల్లనివ్వనంటాడు తండ్రి. పెళ్లి దాకా వచ్చిన కథ మోసపు పాచికల దగ్గర తలకిందులవుతుంది. రంజిత్ రాజ్యం పోగొట్టుకుంటాడు, తన స్వేచ్ఛ కూడా పోగొట్టుకుంటాడు. ధర్మరాజు కథ తెలిసిన తెలుగువాళ్లకు ఇది అర్థం కావడానికి మాటలే అక్కర్లేదు.

దర్శకుడు జర్మనీకి చెందిన ఫ్రాంజ్ ఓస్టెన్. రంజిత్‌గా చారు రాయ్, సోహత్‌గా స్వయంగా హిమాంశు రాయ్, సునీతగా సీతాదేవి. బ్రిటిష్ కంపెనీ, జర్మనీలోని ఉఫా సంస్థ కలిసి డబ్బు పెట్టాయి. సెట్లు వేసి ఊరుకోలేదు. రాజస్థాన్‌లో నిజమైన కోటల్లో, నిజమైన ఏనుగులు, గుర్రాలు, వేలాది జనంతో తీశారు.

మూగ సినిమాలో బట్టల పని ఎంత ముఖ్యమో ఆలోచించండి. డైలాగు లేదు. వీడు రాజు, వాడు బానిస, ఈమె ముని కూతురు అని నోటితో చెప్పే వీల్లేదు. అంతా కంటికే తెలియాలి. పైగా బ్లాక్ అండ్ వైట్. ఎరుపుకూ ఆకుపచ్చకూ తేడా తెరమీద కనిపించకపోవచ్చు. నేత, మెరుపు, మడత, నగ తళుకు వీటితోనే పాత్రను నిలబెట్టాలి. టెక్స్‌టైల్ చదివిన అమ్మాయికి ఇంతకంటే మంచి ప్రయోగశాల ఏముంటుంది? ఆ షూటింగ్ సమయంలోనే హిమాంశు రాయ్‌తో స్నేహం ప్రేమగా మారింది. 1929లో పెళ్లి చేసుకున్నారు.

టెక్నాలజీ మారింది... మరి ఉద్యోగాలు?

సినిమా బయటికొచ్చే సమయానికి సమస్య వచ్చిపడింది. ప్రపంచమంతా టాకీల వైపు మళ్లుతోంది. మాటలు వినిపిస్తుంటే మూగ బొమ్మను ఎవరు చూస్తారు? మన దేశంలో 1931 మార్చి 14న ‘ఆలం ఆరా’ విడుదలైంది. అక్కడి నుంచి మూడు నాలుగేళ్లలోనే మూగ సినిమా దాదాపు కనుమరుగైంది.

ఇవాళ ఏఐ వచ్చి ఉద్యోగాలు పోతాయని మీరు భయపడుతున్నారు చూశారా, అప్పట్లో సరిగ్గా అలాంటి భయమే. హిమాంశు రాయ్ మూడు సినిమాల్లోనూ సీతాదేవి నటించారు. అసలు పేరు రెనీ స్మిత్, ఆంగ్లో ఇండియన్. విదేశాల్లో కూడా జనం మెచ్చిన తార. టాకీలు వచ్చాక ఆమె వెలుగు తగ్గిపోయింది. తెర మీద ముఖం ఉంటే చాలదు, భాష కూడా రావాలన్న కొత్త నిబంధన వచ్చేసింది మరి!

దేవికా రాణి దంపతులు ఏం చేశారు? బెర్లిన్ వెళ్లారు. ఉఫా స్టూడియో అప్పటికి ప్రపంచంలోనే పెద్ద స్టూడియోల్లో ఒకటి. ఫ్రిట్జ్ లాంగ్ ‘మెట్రోపొలిస్’ తీసింది ఆ సంస్థకే. అక్కడ ఆమె మళ్లీ విద్యార్థిని అయ్యారు. నటన, మేకప్, దుస్తులు, సెట్లు, సినిమా తయారీ అన్నీ దగ్గరుండి నేర్చుకున్నారు. ఒక సినిమాకు పనిచేశాను కదా, ఇంకేం నేర్చుకోవాలి అనుకోలేదు.

తర్వాత ఇంగ్లండులో ‘కర్మ’ తీశారు. 1933లో లండన్‌లో విడుదల. ఇంగ్లిష్, హిందీ రెండు భాషల్లోనూ తయారైంది. నాయికగా దేవికా రాణి తొలిసారి తెరమీద కనిపించారు. అక్కడి పత్రికలు ఆమె అందాన్ని, ఇంగ్లిష్ ఉచ్చారణను మెచ్చుకున్నాయి. ఇక్కడ మాత్రం సినిమా ఆడలేదు. అక్కడ చప్పట్లు, ఇక్కడ ఖాళీ కుర్చీలు. అయినా ఇద్దరూ ఇండియాకే తిరిగొచ్చారు.

బాంబే టాకీస్: నేర్పుతూ పని ఇచ్చిన కంపెనీ

1934లో బొంబాయి శివారు మలాడ్‌లో బాంబే టాకీస్ మొదలైంది. అప్పటి సినిమా కంపెనీలు చాలావరకు ఒక వ్యక్తి లేదా ఒక కుటుంబం చేతిలో ఉండేవి. ఇది షేర్లు అమ్మి, బోర్డు పెట్టుకుని నడిచిన కంపెనీ. జర్మనీ నుంచి ఫ్రాంజ్ ఓస్టెన్, కెమెరామన్ జోసెఫ్ విర్షింగ్ లాంటి నిపుణులను తెచ్చారు. వాళ్ల పక్కన మన కుర్రాళ్లను పెట్టి పని నేర్పించారు. యూనివర్సిటీల్లో డిగ్రీలు చదివినవాళ్లను ఇంటర్వ్యూ చేసి తీసుకున్నారు. సినిమా అంటే గౌరవంలేని పని అనుకునే కాలంలో ఇది పెద్ద మార్పు. కాంటీన్‌లో కులం పట్టింపు లేకుండా అందరూ కలిసి భోంచేయడం ఆ స్టూడియో పద్ధతి. సంగీత దర్శకురాలిగా ఒక పార్సీ మహిళను పెట్టుకున్నారు. సరస్వతీ దేవి పేరుతో ఆమె ఎన్నో సినిమాలకు పాటలు కట్టారు.

మన తెలుగువాళ్లకూ ఆ స్టూడియోతో బంధం ఉంది. కరీంనగర్‌లో పుట్టి మూగ సినిమాల కాలంలోనే బొంబాయి చేరిన పైడి జైరాజ్ 1938లో బాంబే టాకీస్ వారి ‘భాభీ’లో నటించారు. 1945లో అదే సంస్థకు ‘ప్రతిమ’ సినిమాను డైరెక్ట్ చేశారు. దేవికా రాణికి వచ్చిన ఫాల్కే అవార్డే ఆయనకు 1980 సంవత్సరానికి వచ్చింది. ఈ బిట్ కూడా రాసిపెట్టుకోండి.

1936లో వచ్చిన ‘అఛూత్ కన్య’ దేవికా రాణికి ఎక్కడలేని పేరు తెచ్చింది. రైల్వే గేటు కాపలాదారు కూతురు, దళిత అమ్మాయి. అగ్రకులంలో పుట్టిన కుర్రాడితో చిన్నప్పటి నుంచి స్నేహం. పెద్దయ్యాక ఊరు వాళ్లను కలవనివ్వదు. చివరికి రైలును ఆపబోయి ఆ అమ్మాయి ప్రాణం పోతుంది. అంటరానితనం మీద దేశమంతా చర్చ నడుస్తున్న రోజుల్లో వచ్చిన సినిమా అది. ఇంగ్లండులో పెరిగిన అమ్మాయి పల్లెటూరి పిల్లగా నటించి మెప్పించింది.

ఇద్దరి తప్పు... ఒకరికి శిక్ష

అన్నీ మంచివే చెప్పుకుంటే అది జీవిత కథ కాదు, సన్మాన పత్రం అవుతుంది. ఇదీ వినండి.

1935లో కంపెనీ తొలి సినిమా ‘జవానీ కీ హవా’. అందులో దేవికా రాణి పక్కన హీరో నజ్ముల్ హసన్. ఆ తర్వాతి ‘జీవన్ నయ్యా’ షూటింగ్ నడుస్తుండగా ఇద్దరూ కలిసి కలకత్తా వెళ్లిపోయారు. సినిమా సగంలో ఆగింది. కంపెనీకి నష్టం, భర్తకు తలవంపులు. సౌండ్ విభాగంలో పనిచేసే శశధర్ ముఖర్జీ మధ్యవర్తిగా నిలిచి ఆమెను వెనక్కి తీసుకొచ్చారు. ఆమె మళ్లీ నాయిక అయ్యారు. నజ్ముల్ హసన్‌కు మాత్రం తలుపులు మూసుకున్నాయి. అతని కెరియర్ మళ్లీ కోలుకోలేదు.

న్యాయమేనా ఇది? కాదు. ఇద్దరూ చేసిన పనికి ఒకరే మూల్యం చెల్లించారు. యజమాని భార్యకు ఉన్న రక్షణ జీతగాడికి లేదు. ఆఫీసుల్లో ఇలాంటిది ఇవాళ్టికీ జరుగుతుంది. ఉద్యోగంలోకి వెళ్లేముందే తెలుసుకుంటే మంచిది. ఆమె వైపు నుంచీ చూడాలి. వెనక్కి వచ్చాక కంపెనీలోనూ ఇంట్లోనూ ఆమె ఎలా బతికారో తెరమీద కనిపించదు. పనిలో మాత్రం ఎక్కడా వెనక్కి తగ్గలేదు.

ఆ ఖాళీ అయిన హీరో కుర్చీలో ఎవర్ని కూర్చోబెట్టారో తెలుసా? ల్యాబ్‌లో ఫిల్ము కడిగే అసిస్టెంట్‌ని. శశధర్ ముఖర్జీ బావమరిది. నటించనని మొరాయించిన కుర్రాడు. పేరు అశోక్ కుమార్. ‘జీవన్ నయ్యా’, ‘అఛూత్ కన్య’ రెండింటిలోనూ అతనే హీరో. తర్వాత దేశం అతన్ని ఎంత నెత్తిన పెట్టుకుందో మీ తాతగారిని అడగండి. అదృష్టం అనేది ఉంది, లేదనలేం. కానీ అది వచ్చినప్పుడు అతను స్టూడియో లోపల, పని చేస్తూ ఉన్నాడు.

ఒంటరిగా బాస్ కుర్చీలో

1939లో రెండో ప్రపంచ యుద్ధం మొదలైంది. జర్మన్లు శత్రు దేశస్థులయ్యారు. ఓస్టెన్, విర్షింగ్ లాంటివాళ్లను బ్రిటిష్ ప్రభుత్వం నిర్బంధించింది. ఒక్క దెబ్బకు కంపెనీ దర్శకుణ్ని, కెమెరామన్‌ను పోగొట్టుకుంది. 1940 మేలో హిమాంశు రాయ్ చనిపోయారు. అప్పటికి దేవికా రాణికి 32 ఏళ్లు.

అందరూ ఏమనుకుని ఉంటారు? హీరోయిన్ కదా, షేర్లు అమ్ముకుని వెళ్లిపోతుంది అని. ఆమె స్టూడియో పగ్గాలు పట్టుకున్నారు. ఆడవాళ్లు సినిమాల్లో వేషం వేయడమే తప్పుగా చూసే రోజుల్లో, వందలమంది పనిచేసే స్టూడియోకు ఆమె బాస్. నటన తగ్గించి నిర్మాణం చూసుకున్నారు. జర్మన్లు పోయినా వాళ్ల దగ్గర పని నేర్చుకున్న మనవాళ్లున్నారు. కాబట్టి స్టూడియో ఆగలేదు. నేర్పుతూ పని ఇవ్వడం ఎంత ముందుచూపో అప్పుడు తెలిసింది. 1943లో విడుదలైన ‘కిస్మత్’ కలకత్తాలో ఒకే థియేటర్లో మూడేళ్లకు పైగా ఆడి రికార్డు సృష్టించింది.

మనుషుల్ని గుర్తుపట్టడం కూడా ఆమెకు తెలుసు. 1942లో యూసుఫ్ ఖాన్ అనే పండ్ల వ్యాపారి కొడుకు పని వెతుక్కుంటూ స్టూడియోకు వచ్చాడు. నటించిన అనుభవం సున్నా. ఆమె అతన్ని నెలకు 1250 రూపాయల జీతం మీద తీసుకున్నారు. అంత డబ్బు నెలకా, ఏడాదికా అని అతనికే అనుమానం వచ్చిందట. పేరు మార్చుకోమని సలహా కూడా ఇచ్చారు. ఆ పేరే దిలీప్ కుమార్. 1944లో ‘జ్వార్ భాటా’తో తెరమీదకు వచ్చాడు. ఇంటర్వ్యూలో అవతలి కుర్చీలో కూర్చున్నవాళ్లు ఎప్పుడూ అనుభవమే అడుగుతారని మీరు అనుకుంటారు. కొన్నిసార్లు భాష, మర్యాద, నేర్చుకునే తీరు చూస్తారు. ఆమె చూసింది అదే.

అయితే కంపెనీలో గొడవలు ముదిరాయి. రెండు వర్గాలయ్యాయి. 1943లో శశధర్ ముఖర్జీ, అశోక్ కుమార్ తదితరులు బయటికెళ్లి ఫిల్మిస్తాన్ పెట్టుకున్నారు. ఆమెను వెనక్కి తెచ్చిన మనిషి, ఆమె పక్కన హీరో అయిన మనిషి ఇద్దరూ పోయారు. ఇంకో రెండేళ్లు నడిపి 1945లో ఆమె కూడా తప్పుకున్నారు. అదే ఏడాది రష్యన్ చిత్రకారుడు స్వెతోస్లావ్ రోరిక్‌ను పెళ్లి చేసుకున్నారు. 37 ఏళ్లకే సినిమాకు సెలవు. మళ్లీ నటించలేదు. ఆమె వదిలిపెట్టిన బాంబే టాకీస్ కూడా దశాబ్దం తిరగకముందే మూతపడింది.

మన హైవే చివర ఆమె ఇల్లు

ప్యాపిలి దగ్గర 44వ నంబరు జాతీయ రహదారి ఎక్కి దక్షిణానికి వెళ్తే గుత్తి, అనంతపురం మీదుగా బెంగళూరు. మీ సీనియర్లు, అన్నలు, అక్కలు ఉద్యోగాలకు వెళ్లే దారే అది. ఆ బెంగళూరులోనే కనకపుర రోడ్డు వైపు తాతగుణి ఎస్టేట్ ఉంది. 450 ఎకరాలకు పైనే. దేవికా రాణి, రోరిక్ దంపతులు కొంతకాలం హిమాలయాల్లోని కులూ ప్రాంతంలో ఉండి, తర్వాత ఇక్కడ స్థిరపడ్డారు. సుగంధ తైలాన్నిచ్చే చెట్లు పెంచారు. ఆయన బొమ్మలు వేసేవారు. ఆమె ఎస్టేటు వ్యవహారాలు చూసుకునేవారు.

1958లో పద్మశ్రీ వచ్చింది. ప్రభుత్వం ఫాల్కే అవార్డు పెట్టినప్పుడు 1969 సంవత్సరానికి తొలి గౌరవం ఆమెకే దక్కింది. తెర వదిలి దాదాపు పాతికేళ్లయినా పరిశ్రమ మర్చిపోలేదన్నమాట. 1993 జనవరిలో రోరిక్ పోయారు. 1994 మార్చి 9న ఆమె బెంగళూరులో కన్నుమూశారు. పిల్లలు లేరు.

వాళ్లు పోయాక ఎస్టేటు ఎవరిదన్న తగాదా ఏళ్లపాటు సాగింది. కర్ణాటక ప్రభుత్వం 1996లో ప్రత్యేక చట్టం చేసి స్వాధీనం చేసుకుంది. కోర్టుల్లో తేలి తేలి 2011 ఆగస్టులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఆ చట్టాన్ని సమర్థించింది. గ్రూప్స్‌కు, సివిల్స్‌కు చదివేవాళ్లు ఆస్తి హక్కు, 300ఏ అధికరణం అనే చోట చదివే కె.టి. ప్లాంటేషన్ కేసు ఇదే! ఆ కేసు వెనక వాల్తేరులో పుట్టిన ఒక నటి ఉందని పాలిటీ పుస్తకాల్లో సాధారణంగా కనిపించదు.

అదే 2011లో తపాలా శాఖ అలనాటి నాయికల మీద స్టాంపులు విడుదల చేసింది. అందులో దేవికా రాణి ఉన్నారు. పక్కనే మన సావిత్రి ఉన్నారు.

డబ్బాలోంచి బయటికొచ్చిన సినిమా

ఇక మళ్లీ ఆ మూగ సినిమా సంగతి. మన దేశంలో 1300కు పైగా మూగ సినిమాలు తయారయ్యాయి. ఇవాళ చూడగలిగినవి, ముక్కలతో కలిపినా, పదుల్లోనే. ఎందుకంటే అప్పటి ఫిల్ము నైట్రేట్‌తో చేసింది. ఇట్టే అంటుకుంటుంది, నీళ్లు పోసినా ఆరదు. తేమకు పొడైపోతుంది. పైగా టాకీలు వచ్చాక ఆ రీళ్లకు విలువ లేదనుకున్నారు. వాటిలోని వెండి కోసం కరిగించినవాళ్లూ ఉన్నారు.

తెలుగు సినిమా పితామహుడు రఘుపతి వెంకయ్య నాయుడు గారి సంగతి చూడండి. బందరు మనిషి. మద్రాసులో ఫొటో స్టూడియో నడిపారు. కొడుకు ప్రకాశ్‌ను సినిమా పని నేర్చుకు రమ్మని ఇంగ్లండు పంపారు. తిరిగొచ్చాక ఆ కొడుకు 1921లో ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశాడు. వెంకయ్య గారి పేరు మీద అవార్డు ఉంది. కానీ ఆ సినిమా చూద్దామంటే లేదు. భారతంలోంచే పుట్టిన రెండు మూగ సినిమాలు. ఒకటి పోయింది. ఒకటి మిగిలింది.

మిగిలింది ఎలా? ‘ఎ త్రో ఆఫ్ డైస్’ ప్రింటును బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ తన భాండాగారంలో దాచింది. దశాబ్దాలపాటు దాన్ని చూసినవాళ్లు కొద్దిమందే. మనకు స్వాతంత్ర్యం వచ్చి 60 ఏళ్లయిన సందర్భంగా దాన్ని డిజిటల్‌గా బాగుచేశారు. నితిన్ సాహ్నీ కొత్త సంగీతం కట్టారు. 2007లో లండన్ ట్రఫాల్గర్ స్క్వేర్‌లో ఆరుబయట, ఎదురుగా ఆర్కెస్ట్రా వాయిస్తుండగా వేలమంది చూశారు. పదేళ్ల తర్వాత 2017లో ‘షిరాజ్’నూ అలాగే బాగుచేసి అనౌష్కా శంకర్ సంగీతంతో ప్రదర్శించారు.

ఆ రోజు తెరమీద సీతాదేవి కట్టుకున్న బట్టలు, రాజుల దర్బారు, నగల తళుకు చూసి జనం ముచ్చటపడ్డారు. అందులో 20 ఏళ్ల ఒక సహాయకురాలి కష్టమూ ఉంది. ఆమె పోయి అప్పటికి 13 ఏళ్లు. పని మాత్రం బతికే ఉంది.

మరి మీరేం చేయొచ్చు?

ఈ కథ చదివి సినిమాల్లోకి పరుగెత్తమని కాదు. కానీ సినిమా అంటే హీరో, హీరోయిన్, డైరెక్టర్ మాత్రమే కాదని గుర్తిస్తే చాలా దారులు కనిపిస్తాయి. కాస్ట్యూమ్ డిజైన్, ఆర్ట్ డైరెక్షన్, మేకప్, సౌండ్, ఎడిటింగ్, వీటికి తోడు పాత సినిమాలను బాగుచేసే రెస్టొరేషన్. ఈ చివరి రంగంలోకి వచ్చేవాళ్లు మన దగ్గర చాలా తక్కువ. పాత రీలును శుభ్రం చేయడం, స్కాన్ చేయడం, గీతలు, మరకలు కంప్యూటర్‌లో తీసేయడం, సౌండ్ సరిచేయడం, జాబితాలు రాసుకోవడం దీని పనులు. కెమిస్ట్రీ చదివినవాళ్లకూ, కంప్యూటర్స్ చదివినవాళ్లకూ, తెలుగు, చరిత్ర చదివినవాళ్లకూ ఇందులో చోటుంది.

డిజైన్ మీద ఆసక్తి ఉంటే ఆంధ్రప్రదేశ్‌లో నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ డిజైన్, హైదరాబాద్‌లో నిఫ్ట్ ఉన్నాయి. మన సీమలోనే కడపలో ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ ఉంది. సినిమా సాంకేతిక కోర్సులకు పుణెలో ఎఫ్‌టీఐఐ, కోల్‌కతాలో సత్యజిత్ రాయ్ ఇన్‌స్టిట్యూట్ ఉన్నాయి. పాత సినిమాల భద్రతకు పుణెలోని నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్, ముంబయిలోని ఫిల్మ్ హెరిటేజ్ ఫౌండేషన్ పనిచేస్తున్నాయి. ఈ ఫౌండేషన్ వేర్వేరు నగరాల్లో శిక్షణ వర్క్‌షాపులు పెడుతుంటుంది. ప్రవేశాలు, ఫీజులు ఏటా మారుతుంటాయి కాబట్టి ఆయా సంస్థల వెబ్‌సైట్లలోనే చూసుకోండి. ఎవరో చెప్పింది నమ్మి డబ్బు కట్టొద్దు.

ఇవేవీ మీ దారి కాకపోయినా ఫర్వాలేదు. దేవికా రాణి జీవితం నుంచి మూడు సంగతులు తీసుకోండి చాలు. ఒకటి, పక్కదారి అనిపించిన కోర్సే ఒక్కోసారి మెయిన్ గేటు తెరుస్తుంది. ఆమెను సినిమాలోకి తెచ్చింది నటన సర్టిఫికెట్ కాదు, బట్టల డిజైను. రెండు, టెక్నాలజీ మారినప్పుడు పాత పేరు కాపాడదు. మళ్లీ క్లాసులో కూర్చోగలిగితేనే నిలబడతాం. మూడు, చేసిన పనికి రికార్డు ఉంచుకోండి. ప్రాజెక్టు ఫైళ్లు, ఫొటోలు, మీ పేరున్న కాగితాలు జాగ్రత్తగా దాచుకోండి. ఎంత గొప్ప పనైనా దాచినవాళ్లు లేకపోతే ‘భీష్మ ప్రతిజ్ఞ’లా పేరే మిగులుతుంది, పని మిగలదు.

ఈసారి బిట్ బ్యాంకులో ఆ ప్రశ్న ఎదురైతే టిక్ పెట్టండి, మార్కు వేసుకోండి. సెలవు దొరికిన రోజు ‘ఎ త్రో ఆఫ్ డైస్’ వెతికి ఓసారి చూడండి. హీరో హీరోయిన్ల ముఖాల కంటే ముందు వాళ్ల బట్టలు, అంచులు, వెనకున్న సెట్లు చూడండి. తెర వెనక పని ఎలా ఉంటుందో అక్కడే తెలుస్తుంది.